దేవుడుంటే ఈ కష్టం ఎందుకు? ఒక్క 'ఎందుకు'లో మూడు ప్రశ్నలు

2025 ఫిబ్రవరి 22న నాగర్‌కర్నూల్ జిల్లా దోమలపెంట దగ్గర ఎస్‌ఎల్‌బీసీ (శ్రీశైలం ఎడమగట్టు కాలువ) సొరంగం పైకప్పు కూలింది. దాదాపు 14 కిలోమీటర్ల లోపల ఎనిమిది మంది చిక్కుకుపోయారు. జార్ఖండ్, ఉత్తరప్రదేశ్, పంజాబ్, జమ్మూకశ్మీర్‌ల నుంచి పనికొచ్చినవాళ్లు. రెండు నెలలు వెతికినా ఇద్దరి మృతదేహాలే దొరికాయి. ఆ సొరంగం తవ్వుతున్నది కృష్ణా నీళ్లను నల్లగొండ జిల్లా ఎండిన చెలకలకు, నీళ్లలో ఫ్లోరైడ్ ఉన్న ఊళ్లకు తేవడానికి. చోటేమో శ్రీశైలం మల్లన్నకు దగ్గర్లోనే. ఆ రోజుల్లో టీ కొట్టు దగ్గర కూర్చుంటే ఇవే మాటలు. "మందికి నీళ్లు తెద్దామని పోయినోళ్లకు ఇట్లెందుకైతది? అసలు దేవుడున్నడా?" అని ఒకరు. "ఎవరి రాత వాళ్లది" అని పక్కాయన. "రాత కాదే, అక్కడ రాయి వదులుగ ఉండె" అని మూడో మనిషి.

ముగ్గురూ గట్టిగానే వాదించుకున్నారు. ఒకరి మాట ఇంకొకరికి తగల్లేదు. ఎందుకంటే ముగ్గురి నోటా 'ఎందుకు' అన్న మాట ఒకటే అయినా, అడుగుతున్న సంగతి ఒకటి కాదు.

ఈ 'ఎందుకు' నాకు చిన్నప్పటి నుంచీ తెలుసు. మా మేనత్తది నల్లగొండ జిల్లాలోనే మర్రిగూడ వైపు ఊరు. నలభై దాటేసరికి ఆమె నడుము వంగింది, మెడ బిగుసుకుపోయింది. వెనక నుంచి ఎవరైనా పిలిస్తే తల తిప్పలేదు, కాళ్లతో సహా మనిషంతా తిరగాలి. చెర్వుగట్టు గుట్ట మీది శివుడి జాతరకు తీసుకుపోతే గట్టు పైకి చూడలేకపోయింది. గడప దగ్గర నిలబడి, "గుడి యాడిదాంక కనబడ్తుంది అల్లుడా?" అని నన్నడిగి చెప్పించుకుంది. తీర్థం తాగడానికి తల వెనక్కి వాల్చలేదు కాబట్టి మా అమ్మ చెంచాతో పోసింది. అప్పుడే అంది, "నేనేం పాపం జేసిన?" అని. మాలో ఎవరికీ నోరు పెగల్లేదు.

ఆ మాటను ఎలా విప్పి చూడాలో చెప్పే చదువును మత తత్వశాస్త్రం అంటారు. దేవుణ్ణి నమ్మమనో మానెయ్యమనో అది చెప్పదు. మన నమ్మకాల లోపల ఏ వాదం ఉంది, అది దేనిమీద నిలబడింది, ఎక్కడ తడబడుతుంది అన్నదే దాని పని.

ఎందువల్ల, ఎందుకోసం, నాకే ఎందుకు

తెలుగులో మనకొక సౌకర్యం ఉంది. 'ఎందుకు'ను విడదీసి చెప్పే మాటలు మన దగ్గరే ఉన్నాయి.

'ఎందువల్ల' అంటే కారణం. కుండ ఎందువల్ల పగిలింది? కింద పడడం వల్ల. 'ఎందుకోసం' అంటే ఉద్దేశం. కుండ ఎందుకోసం చేశారు? నీళ్లకోసం. కారణం వెనక ఉంటుంది, ఉద్దేశం ముందుంటుంది. మూడోది 'నాకే ఎందుకు'. ఇది న్యాయం గురించిన ప్రశ్న. పది కుండల్లో నాదే పగలడం సబబేనా అని.

కుండ విషయంలో మనం వీటిని కలిపేసుకోం. కుండ పగలడానికి ఉద్దేశమేమిటని ఎవరూ అడగరు. మనిషి ఒంటికి దెబ్బ తగిలినప్పుడు మాత్రం మూడూ కలిసి ఒక్క ఏడుపుగా బయటికొస్తాయి. అప్పుడు ఒకదానికి జవాబు చెప్పి మిగతా రెండూ తేలిపోయాయనుకోవడం మామూలైపోతుంది. శాస్త్రాన్ని నమ్మేవాళ్లు చేసే పొరపాటూ అదే, భక్తులు చేసే పొరపాటూ అదే.

రాయి చెప్పే జవాబు

మేనత్త విషయంలో 'ఎందువల్ల'కు జవాబు స్పష్టంగానే ఉంది. నల్లగొండ నేల కింద ఉన్నది చాలావరకు గ్రానైటు. అందులోని కొన్ని ఖనిజాల్లో ఫ్లోరిన్ ఉంటుంది. వానలు తక్కువ. కిందికి దిగిన నీరు పగుళ్లలో ఏళ్ల తరబడి రాయిని ఒరుసుకుంటూ నిలుస్తుంది. ఆ నీటిలో కాల్షియం తక్కువై, క్షారగుణం ఎక్కువైతే ఫ్లోరైడ్ ఇంకా బాగా కరుగుతుంది. తాగేనీళ్లలో అది లీటరుకు 1 మిల్లీగ్రాము దాటకూడదనీ, వేరే దిక్కు లేకపోతే 1.5 దాకా ఓర్చుకోవచ్చనీ మన దేశ ప్రమాణం. ఆ పక్క ఊళ్ల బోర్లలో దానికి ఎన్నో రెట్లు ఉండేది. పిల్లలకు గార పళ్లు, పెద్దలకు బిగిసిన కీళ్లు, వంగిన ఎముకలు.

ఆ ఫ్లోరైడును పటికతో, సున్నంతో, బ్లీచింగ్ పౌడరుతో నీళ్లలోంచి దింపే పద్ధతిని 1970ల్లో నాగపూర్‌లోని జాతీయ పర్యావరణ ఇంజినీరింగ్ పరిశోధన సంస్థ 'నీరి' తయారు చేసింది. దాని పేరే 'నల్లగొండ టెక్నిక్'. టాంజానియా, ఇథియోపియా దాకా మా జిల్లా పేరు అలా పోయింది.

కారణం తెలిశాక ప్రశ్న మారిపోయింది. 1996 లోక్‌సభ ఎన్నికల్లో నల్లగొండ స్థానానికి 480 మంది నిలబడ్డారు. వాళ్లలో ఎక్కువమంది నామినేషన్ గెలవడానికి వేయలేదు, తాగునీళ్లు లేవని దేశానికి వినిపించడానికి వేశారు. బ్యాలెట్ పత్రం పుస్తకమంత అయింది, పోలింగ్ వాయిదా పడింది. అన్నేళ్లు గుడి ముందు అడిగిన 'నాకే ఎందుకు'ను జనం మొదటిసారి ఢిల్లీని అడిగారు. నాకు ఇది తత్వశాస్త్రంలో కూడా పెద్ద ఘట్టమే అనిపిస్తుంది. కష్టాల్లో కొన్ని మనుషుల చేతిలో పనే అయినప్పుడు, వాటి లెక్క దేవుణ్ణి అడగడం కన్నా ముందు అడగాల్సినవాళ్లు వేరే ఉన్నారని ఆ ఎన్నిక చూపించింది.

కర్మ అన్న మాట ఎంతవరకు మోస్తుంది?

"ఎవరి రాత వాళ్లది" అన్న మాట వెనక పెద్ద శాస్త్రమే ఉంది. దాన్ని చులకన చేయడం తేలిక, అర్థం చేసుకోవడం మంచిది.

వేదాంతానికి మూలగ్రంథమైన బ్రహ్మసూత్రాల రెండో అధ్యాయంలో సరిగ్గా ఈ ప్రశ్నే వస్తుంది. ఒకరికి సుఖం, ఒకరికి దుఃఖం పంచితే దేవుడికి పక్షపాతం, నిర్దయ అంటుకోవా అని. సూత్రం జవాబు: అంటుకోవు, ఆయన ప్రాణుల కర్మను బట్టి ఇస్తాడు కాబట్టి. ఆ సూత్రాలకు భాష్యం రాసిన శంకరాచార్యుడు దీనికి వానను పోలికగా తెస్తాడు. వరి మొలిచినా యవలు (బార్లీ) మొలిచినా వాన ఒక్కటే, తేడా విత్తనంలో ఉంది. మన చెలకల భాషలో చెప్పుకుంటే, ఒకే వానకు కంది మొలుస్తుంది, ఆముదమూ మొలుస్తుంది. ఆముదం చేదని వానను తిట్టం.

మరి మొట్టమొదటి సృష్టిలో ఎవరికీ కర్మ లేదు కదా, తేడా ఎక్కడి నుంచి వచ్చింది? సూత్రకారుడు ఆ ప్రశ్ననూ వదల్లేదు. సంసారానికి మొదలే లేదు, అది అనాది అన్నాడు. నైయాయికులు, అంటే తర్కానికి పేరుపడ్డ న్యాయదర్శనం వాళ్లు కూడా కర్మఫలాన్ని లెక్క ప్రకారం అందించడానికి ఈశ్వరుడు కావాలన్నారు. వేదంలోని యజ్ఞకర్మలను విచారించిన మీమాంసకులు అక్కర్లేదన్నారు, కర్మలోనే ఫలాన్నిచ్చే శక్తి ఉందని. కొలనుపాక జైనులకు సృష్టికర్త అన్న ఊహే లేదు, అయినా వాళ్లంత కచ్చితంగా కర్మను లెక్కపెట్టినవాళ్లు లేరు. అంటే కర్మను నమ్మడం వేరు, దేవుణ్ణి నమ్మడం వేరు. మన మాటల్లో రెండూ కలిసిపోయాయి గానీ సంప్రదాయంలో అవి ఏనాడో విడిపోయాయి.

ఇప్పుడు దీన్ని మేనత్త ఊరి మీద పెట్టి చూద్దాం. ఊరంతా ఒకే బోరు నీళ్లు తాగింది, ఊరంతటికీ ఎముకలు దెబ్బతిన్నాయి. అందరి పాపమూ ఒకటేనా? కృష్ణా నీళ్లు వచ్చాక పుట్టిన పిల్లలకు పళ్లు తెల్లగా వచ్చాయి. ఆ ఏడాదితో ఊరి కర్మ తీరిపోయిందా?

కర్మవాది దగ్గర జవాబు లేకపోలేదు. నీళ్లు దగ్గరి కారణం, కర్మ దూరపు కారణం. ఆ కర్మ ఉన్న జీవులే ఆ ఊళ్లో పుట్టారు అంటాడు. ఇందులో తర్కదోషం లేదు. అయితే బోరు మంచిదైనా చెడ్డదైనా, మనిషి బతికినా చచ్చినా ఇదే జవాబు సరిపోతుంది. ఏం జరిగినా అతికే వివరణతో ఏ బోరు మూసెయ్యాలో తెలియదు. పైగా, గుర్తులేని తప్పుకు శిక్ష వేస్తే శిక్ష పడ్డవాడు ఏం నేర్చుకుంటాడు అన్న ప్రశ్న అలాగే మిగిలిపోతుంది.

బుద్ధుడు ఈ చిక్కును ముందే చూశాడు. బుద్ధుడి ఉపదేశాల సంకలనమైన సంయుత్త నికాయంలో సీవకుడనే పరివ్రాజకుడు (తిరుగుతూ బతికే సన్యాసి) వచ్చి, మనిషి అనుభవించేదంతా పూర్వకర్మేనంటారే, మీరేమంటారని అడుగుతాడు. బుద్ధుడు వేళ్ల మీద లెక్కపెట్టినట్టు చెబుతాడు: పిత్తం వల్ల బాధ రావచ్చు, కఫం వల్ల రావచ్చు, వాతం వల్ల, మూడూ కలవడం వల్ల, ఋతువు మారడం వల్ల, ఒంటిని సరిగ్గా చూసుకోకపోవడం వల్ల, బయటి దెబ్బ వల్ల రావచ్చు. కర్మ ఎనిమిదోది మాత్రమే. అంతా కర్మే అనేవాళ్లు తమ కళ్లతో చూసినదాన్నీ, లోకమంతా ఒప్పుకున్నదాన్నీ దాటిపోతున్నారని కూడా అంటాడు. సూర్యాపేట పక్కన ఫణిగిరి గుట్ట మీద బౌద్ధ విహారాల్లో ఒకప్పుడు భిక్షువులు ఉండేవారు. వాళ్ల సంప్రదాయం కాపాడుకొచ్చిన ఈ మాట మా జిల్లాకే చెప్పినట్టుంటుంది.

అంబేద్కర్ ఇంకా ముందుకు వెళ్లాడు. పోయిన జన్మ కర్మతో ఈ జన్మ బతుకును వివరించడం, పేదవాళ్ల స్థితికి సమాజం బాధ్యత లేకుండా తప్పించుకునే దారి అన్నాడు. దీనికి కర్మను నమ్మే పెద్దలు చెప్పే సమాధానం కూడా వినాలి. కర్మ సిద్ధాంతానికి అసలు బలం వెనక్కి చూడడంలో లేదు, ఇప్పుడు నేను చేసేది ఊరికే పోదు అన్న నమ్మకంలో ఉంది. ఎదుటివాడి కష్టం అతని కర్మ కావచ్చు గానీ అతనికి సాయపడడం నా ధర్మం అంటారు. నిజమే. మా ఊళ్లో ఫిల్టరు నీళ్ల కోసం మొదట చందా వేసింది రోజూ విష్ణుసహస్రనామం చదివే ఆయనే.

మంచి దేవుడు, శక్తిమంతుడైన దేవుడు

యూదు, క్రైస్తవ, ఇస్లాం సంప్రదాయాల్లో పునర్జన్మ లెక్క లేదు. అందుకే అక్కడ ముడి ఇంకా బిగుసుకుంటుంది. మూడు మాటలు పక్కపక్కన పెట్టండి. దేవుడు ఏదైనా చేయగలడు. దేవుడు పూర్తిగా మంచివాడు. లోకంలో ఘోరమైన కష్టం ఉంది. తప్పించగలిగీ తప్పించకపోతే మంచివాడెలా, తప్పించాలనుకునీ చేయలేకపోతే శక్తిమంతుడెలా అన్న ఈ చిక్కును గ్రీకు తత్వవేత్త ఎపిక్యురస్ పేరుతో చెప్పుకుంటారు.

దీనికి అందరికీ తెలిసిన జవాబు స్వేచ్ఛ. మనిషికి మంచి చేసే స్వేచ్ఛ ఉండాలంటే చెడు చేసే స్వేచ్ఛ కూడా ఉండాలి. దొంగతనం, హత్య, కల్తీ వంటివాటికి ఈ జవాబు చాలావరకు సరిపోతుంది. 1755 నవంబర్ 1న లిస్బన్ నగరంలో భూకంపం వచ్చినప్పుడు ఇది చాలలేదు. ఆ రోజు పరిశుద్ధులందరి పండుగ, జనం చర్చిల్లో ఉన్నారు. ప్రార్థన చేస్తున్నవాళ్ల మీదే కప్పులు కూలాయి. ఇందులో ఎవరి స్వేచ్ఛ ఉంది? అప్పటి నుంచి మనుషులు చేసే చెడును, ప్రకృతి వల్ల వచ్చే కష్టాన్ని విడివిడిగా చూడడం యూరపులో గట్టిపడింది.

దోమలపెంట సొరంగంలో ఈ రెండూ కలిసే ఉన్నాయి. కొండలో రాయి వదులుగా ఉండడం, నీళ్లు ఊరడం ప్రకృతి. అలాంటి చోట ఎన్ని జాగ్రత్తలతో మనుషుల్ని లోపలికి పంపాలన్నది మనుషుల నిర్ణయం. మొదటిదాని గురించి దేవుణ్ణి అడగొచ్చు. రెండోదాన్ని దేవుడి మీదికి తోస్తే అది భక్తి అనిపించుకోదు, బాధ్యత తప్పించుకోవడమే అవుతుంది.

ఇంకో జవాబు: కష్టం మనిషిని కాలుస్తుంది, కాలిస్తేనే బంగారం తేలుతుంది. ఓర్పు, ధైర్యం, దయ కష్టం లేనిచోట పుట్టవు. ఇందులో సత్యం ఉందని మేనత్తను చూసినవాణ్ణిగా చెప్పగలను, ఆమె ఓర్పు ఊరికే వచ్చింది కాదు. కానీ పదేళ్లకే కాళ్లు వంకరపోయిన పిల్లవాడి సంగతి? వాడి కాళ్లు మా అందరిలో దయ పెంచడానికా? అలా అనుకోవడానికి నాకు మనసొప్పదు.

చివరికి ఆస్తికులు ఒక వినయమైన మాట దగ్గర ఆగుతారు. టీకా వేయించేటప్పుడు తల్లి ఎందుకు గట్టిగా పట్టుకుందో పసివాడికి తెలియదు. దేవుడి కారణాలూ మనకు అందవు. దీనికి ఎదురు ప్రశ్న: ఆ తల్లి సూది పడేటప్పుడు బిడ్డను గుండెకు హత్తుకుంటుంది కదా, దేవుడి చేయి అలా తెలియాలి కదా అని. తెలుస్తుందని కొందరు అనుభవంతో చెబుతారు, ఎన్నడూ తెలియలేదని కొందరూ అనుభవంతోనే చెబుతారు. వాదం ఇక్కడ నిలిచిపోతుంది. కష్టం ఉండడం వల్ల దేవుడు లేడని తర్కంతో తేల్చేయడం కష్టమని ఇవాళ చాలామంది నాస్తిక తత్వవేత్తలే ఒప్పుకుంటారు. ఇంత కష్టం, ఇంత అన్యాయంగా పంచబడి ఉండడం దేవుడు లేడనడానికి బలమైన సాక్ష్యం అన్నది మాత్రం వాళ్లు వదలని మాట.

మత గ్రంథాలు కూడా 'పాపం చేశావు కాబట్టి' అన్న జవాబును అంత తేలిగ్గా ఒప్పుకోలేదు. యోబు కథలో స్నేహితులు వచ్చి నువ్వేదో తప్పు చేసుంటావంటారు; చివర్లో దేవుడు కోపించేది యోబు మీద కాదు, ఆ స్నేహితుల మీద. ఖురాన్‌లో అయ్యూబ్‌గా అదే మనిషి ఓర్పుకు గుర్తు. యోహాను సువార్తలో పుట్టుగుడ్డివాణ్ణి చూపించి పాపం ఇతనిదా తల్లిదండ్రులదా అని శిష్యులు అడిగితే, ఇద్దరిదీ కాదంటాడు యేసు. గోల్కొండ చెరసాలలో రామదాసు రాముణ్ణి ఖర్చుల లెక్క అడిగి మరీ నిలదీశాడు, అదీ భక్తే అయింది. జాన్‌పహాడ్ దర్గా ఉర్సుకు హిందువులూ ముస్లింలూ కలిసే పోతారు. అక్కడ ఫాతెహా చదివించే తల్లి సిద్ధాంతం అడగదు, తన మాట వినేవాడు ఒకడున్నాడని తెలిస్తే చాలంటుంది. 'నాకే ఎందుకు'కు చాలాసార్లు కావాల్సింది వివరణ కన్నా తోడు అని నాకనిపించేది ఇక్కడే.

బతుకుకు అర్థం, బతుకులో అర్థం

ఇక 'ఎందుకోసం'. జీవితానికి అర్థమేమిటని అడిగినప్పుడు మనం వాడే 'అర్థం' అన్న మాటకు మన భాషలో మాట భావమనీ, డబ్బనీ, ప్రయోజనమనీ మూడు అర్థాలున్నాయి. పురుషార్థం అన్నప్పటిది మూడోది. మనిషి కోరదగినవి ధర్మం, అర్థం, కామం, మోక్షం అని మన పెద్దలు నాలుగు చెప్పారు. ఒక్కటే చెప్పలేదని గమనించాలి.

తత్వవేత్తలు ఇక్కడ ఒక గీత గీస్తారు. మొత్తం సృష్టిలో మనిషి ఉండడానికి ఏదైనా ఉద్దేశం ఉందా అన్నది బతుకుకు అర్థం. ఈ మనిషి బతుకు విలువగా గడిచిందా అన్నది బతుకులో అర్థం.

పాలమూరు లేబర్‌ను తలచుకుంటే ఇది బాగా తెలుస్తుంది. దేశంలో ఎక్కడ కాలువ తవ్వినా, ఎక్కడ ఆనకట్ట కట్టినా పాలమూరు కూలీ చెమట ఉందంటారు. 1955 డిసెంబర్ 10న నాగార్జునసాగర్‌కు శంకుస్థాపన చేస్తూ నెహ్రూ ఆ పనిని మానవాళికి కట్టే గుడితో పోల్చాడు. రాతితో, ఎక్కువగా మనుషుల చేతులతోనే లేచిన డ్యామ్ అది. ఇప్పుడు ఒక కూలీని ఊహించుకోండి. మేస్త్రి దగ్గర అడ్వాన్సు తీసుకుని వచ్చాడు, పొద్దంతా తట్ట మోస్తాడు. డ్యామ్‌కు గొప్ప ఉద్దేశం ఉంది. అంతమాత్రాన అతని బతుక్కు అర్థం వచ్చిందా?

పైవాడి ప్లానులో నాకొక చోటు ఉండడం ఒక్కటే చాలదని ఈ ఉదాహరణ చెబుతుంది. ఆ పని తనదిగా అనిపించాలి. "నేను మోసిన రాయి మీదికెల్లి నీళ్లు పోతయి, ఏ ఊరోళ్లో తాగుతరు" అని అతను అనుకున్న రోజు అదే తట్టకు వేరే బరువుంటుంది. దేవుడు ఒక ఉద్దేశంతో పుట్టించాడు కాబట్టి బతుక్కి అర్థముంది అనేవాళ్లు కూడా ఈ మెట్టు ఎక్కక తప్పదు: ఆ ఉద్దేశం మంచిదని నాకు తెలియాలి, నేను ఒప్పుకోవాలి. లేకపోతే దేవుడు మేస్త్రి అవుతాడు, నేను అడ్వాన్సు తీసుకున్న కూలీనవుతాను. ఆస్తికులు దీనికి, దేవుడు పని చేయించుకునేవాడు కాదు, ప్రేమించేవాడు, ఆయన ఉద్దేశం మన మేలే అంటారు. వాళ్ల మాటకు బలం అక్కడే ఉంది.

ఏ డ్యామైనా చివరికి పూడిపోతుంది, మనుషులూ పోతారు, పైన శాశ్వతమైనది ఒకటి లేకపోతే ఇదంతా దేనికి అని వాళ్లు మళ్లీ అడుగుతారు. ఇది బరువైన ప్రశ్నే, రాత్రిపూట నాకూ వస్తుంది. నమ్మకం లేనివాళ్ల జవాబు: రేపు మళ్లీ ఆకలేస్తుందని ఇవాళ పిల్లకు పెట్టిన బువ్వ వ్యర్థం కాదు. శాశ్వతంగా ఉండడం వేరు, విలువ ఉండడం వేరు.

నాజీ శిబిరాల నుంచి బతికి బయటపడ్డ మానసిక వైద్యుడు విక్టర్ ఫ్రాంక్ల్ మనిషికి అర్థం మూడు దారుల్లో దొరుకుతుందన్నాడు: చేసే పనిలో, ప్రేమించడంలో, తప్పించుకోలేని కష్టాన్ని ఎదుర్కొనే తీరులో. మూడోదాన్నే అందరూ ఎత్తి చెబుతారు. దానికి ఆయన పెట్టిన షరతును మరిచిపోతారు. తప్పించగలిగిన కష్టమైతే దాని కారణాన్ని తీసేయడమే అర్థవంతమైన పని, ఊరికే భరించడం వీరత్వం కాదన్నాడు. ఏది తప్పించగలిగింది, ఏది కాదు అన్నది తేల్చేది మళ్లీ మొదటి ప్రశ్నే, 'ఎందువల్ల'. మేనత్త చిన్నతనంలో ఫ్లోరిన్ నీళ్లు తప్పించలేని కష్టంలా కనిపించాయి. ఆమె మనుమరాలి కాలానికి అవి తప్పించగలిగినవే అని తేలింది.

నల్లాలో కృష్ణా నీళ్లు వచ్చాక నేను ఒకసారి వాళ్లింటికి పోయాను. నడుము అలాగే ఉంది, అది ఇక తిరిగి రాదు. ఎదిగిన ఎముకకు ఆ నీళ్లు ఆలస్యంగా వచ్చాయి. మనుమరాలికి అప్పుడే పాలపళ్లు ఊడి కొత్తవి వస్తున్నాయి. మేనత్త మెడ వంచి చూడలేదు కాబట్టి పిల్లను అరుగు మీద నిలబెట్టించి, నోరు తెరవమని, ముందరి పళ్లను వేలితో ఒక్కొక్కటే తడిమింది. గరుకు తగల్లేదు. "తెల్లగనే ఉన్నయా?" అని నన్నడిగింది. ఉన్నాయన్నాను. "ఇంకోసారి జూడు అల్లుడా" అంది.